కాలయంత్రం: కనుమనాటి ఒక ప్రశ్న

శ్రీమద్భగవద్గీతలో విభూతియోగమందును, విశ్వరూపసందర్శనయోగమందును భగవానుడు తాను కాలస్వరూపుడనని ప్రకటించాడు. అట్టి కాలాన్ని యంత్రంలో బంధించి వెనుకకు త్రిప్పాలనే కోరిక మానవునికి ఎందుకు కలుగుతుంది? కోనసీమలో ఒక కనుమనాటి రాత్రి ఒక బాలుడు అడిగిన ప్రశ్న ఈ విచారణకు మూలం.

అమలాపురం సమీప గ్రామంలో ఒక విశ్రాంత సంస్కృతోపాధ్యాయుడు ఉన్నారు. సంక్రాంతికి ఆయన తమ్ముని కుమార్తె తన కొడుకుతో వచ్చింది. అందరూ జగ్గన్నతోటకు వెళ్ళి, ఏకాదశ రుద్రుల ప్రభలను దర్శించి ఇల్లు చేరారు. ఆ రాత్రి టీవీలో ‘ఆదిత్య 369’ వస్తున్నది. 1991లో సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వంలో వెలువడిన ఆ చిత్రంలో కాలయంత్రం ఎక్కినవారు శ్రీకృష్ణదేవరాయల ఆస్థానానికి, అటుపై 2504వ సంవత్సరానికి వెళతారు.

“పెదతాతగారూ, ఆ యంత్రం మీకిస్తే ఏ సంవత్సరానికి వెళ్తారు?” అని బాలుడు అడిగాడు.

“1996 నవంబరు 6” అన్నారాయన, తడుముకోకుండా.

గ్లాసులు తీస్తున్న బాలుని తల్లి ఒక్కక్షణం ఆగి, మాట్లాడకుండా లోపలికి వెళ్ళింది.

ఆ తేదీని కోనసీమవాసులు మరువలేరు. ఆ రాత్రి తుఫాను తీరం దాటింది. వేయిమందికి పైగా ప్రాణాలు కోల్పోయారు. కొబ్బరితోటలు లెక్కకు మిక్కిలిగా నేలకొరిగాయి. ఆ సాయంకాలం గాలి పెరుగుతుండగా, తోటలో కట్టిన పశువులను విప్పి రమ్మని తమ్ముణ్ణి పంపినది ఈ ఉపాధ్యాయుడే. తమ్ముడు తిరిగి రాలేదు. కూలిన చెట్టు క్రింద మరునాడు కనిపించాడు. అప్పటికి అతని కుమార్తెకు నాలుగేళ్ళు. ఆమెను పెంచి, చదివించి, కన్యాదానం చేసినది పెదనాన్నగారే. కాని తానే పంపానన్న మాట ఆమెకు ఎన్నడూ చెప్పలేదు.

కాలయంత్రం కల్పితమే అయినా దాని ప్రయోజనాలను ఊహించడం సులభం. రాబోయే ఉపద్రవాన్ని ముందే చెప్పవచ్చు; మహనీయులను ప్రత్యక్షంగా దర్శించవచ్చు. అపాయాలనూ అదే చిత్రం చూపింది. ప్రాచీనవస్తువులపై వ్యామోహం గల ప్రతినాయకుడు ఆ యంత్రాన్ని కోరుకుంటాడు. యంత్రానికి ధర్మాధర్మవివేకం లేదు. ఎక్కినవాని వాసనలను కూడ అది మోసుకుపోతుంది.

భాగవతం నవమస్కంధంలో ఇట్టి కాలయానం ఒకటి ఉన్నది. కకుద్మి అనే రాజు తన కుమార్తె రేవతికి తగిన వరుని అడుగుటకు ఆమెతో బ్రహ్మలోకానికి వెళ్ళాడు. అక్కడ గానం జరుగుతుండగా క్షణకాలం వేచి, తన మనవి వినిపించాడు. బ్రహ్మ నవ్వాడు. ఈలోగా భూలోకంలో ఇరవైయేడు చతుర్యుగాలు గడచిపోయాయి. రాజు మనసులో ఉన్న వరుల పేర్లు కూడ మిగలలేదు. బ్రహ్మ ఆజ్ఞతో అతడు రేవతిని బలరామునికిచ్చి, బదరికాశ్రమానికి తపస్సుకై వెళ్ళాడు. ఇక్కడ గమనించదగినది ఒకటున్నది. కకుద్మి తన పూర్వకాలాన్ని తిరిగి ఇమ్మని బ్రహ్మను యాచించలేదు. తాను చేరిన కాలంలో తన కర్తవ్యమేదో అది నెరవేర్చాడు.

ఆధునిక భౌతికశాస్త్రం సైతం కాలగతి సర్వత్ర సమానం కాదంటుంది. జీపీఎస్ ఉపగ్రహాలలోని అణుగడియారాలు భూమిపైని గడియారాలకంటె రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. ఆ భేదాన్ని సవరించినందువల్లనే ఫోను మనకు సరియైన దారి చూపుతున్నది. అయితే వేగంగానో మందంగానో ముందుకు సాగడమే తప్ప, గడచిన సాయంకాలానికి తిరిగి చేర్చిన గడియారం ఏదీ లేదు.

బయట లేని ఆ యంత్రం మనిషి లోపల ఉన్నది. దాని పేరు స్మృతి. ఉపాధ్యాయుడు ఇన్నేళ్ళుగా దానినెక్కి ప్రతిరాత్రీ ఒకే సాయంకాలానికి వెళుతున్నారు. కనుమనాటి రాత్రి నిద్రపట్టక, ఆ యాత్రలోని దోషాన్ని ఆయన మొదటిసారి చూశారు. అక్కడికి వెళ్ళిన ప్రతిసారీ ఆయన నేటి జ్ఞానాన్ని వెంట తీసుకుపోతున్నారు. ఆ చెట్టు కూలుతుందని తెలిసినవాడై, అది తెలియనివానికి శిక్ష విధిస్తున్నారు. ఆనాడు మాట చెప్పినవానికి తెలిసినది ఇంతే: గాలి పెరుగుతున్నది, కట్టుకొయ్యల వద్ద మూగజీవాలున్నాయి.

ప్రారబ్ధం విడిచిన బాణం వంటిదని వేదాంతులంటారు. దానిని వెనుకకు పిలువలేము. ఆగామి మాత్రం ఇంకా చేతిలోనే ఉన్నది. అయితే, తెలియక చేసినదానికి తనను క్షమించుకోవచ్చునేమో కాని, తెలిసి దాచినదానికి అది చెల్లదు. తమ్ముణ్ణి పంపడం మొదటిది; ఇన్నేళ్ళ మౌనం రెండవది.

ముక్కనుమ ఉదయం ఆమె పశువులసాలలో కుడితి పోస్తుండగా ఆయన దగ్గరకు వెళ్ళి చెప్పారు: “అమ్మా, ఆ సాయంకాలం మీ నాన్నను తోటకు పంపింది నేనే.”

ఆమె తలెత్తలేదు. “తెలుసు పెదనాన్నగారూ. అమ్మ చెప్పింది. నాన్న వెళ్ళబట్టే పశువులన్నీ బ్రతికాయనీ చెప్పింది. మీరు చెబుతారేమోనని ఎదురు చూశాను” అన్నది. కొంతసేపటికి కొంగుతో కళ్ళు తుడుచుకొని, “ఇది ఆనాటి ఆవు సంతతేనా?” అని అడిగింది.

“అవునమ్మా, దాని మనుమరాలి బిడ్డ” అన్నారాయన. ఆమె ఆవు గంగడోలు నిమురుతూ అక్కడే నిలబడింది.

ఐనవిల్లి చేరువలోని ముక్తేశ్వరంలో స్వామిని క్షణముక్తేశ్వరుడంటారు. ముక్తి కొరకు యుగాలు దాటిపోనక్కరలేదని ఆ నామాన్ని తలచినప్పుడు తోస్తుంది. ఆ ఉపాధ్యాయుడు గతాన్ని మార్చలేదు; మార్చడం ఎవరికీ శక్యం కాదు. చెప్పవలసినవారికి చెప్పవలసిన మాట చెప్పారు, అంతే. సాధకులు కూడ తమ స్మృతి తమను ఏ దినానికి మాటిమాటికీ తీసుకుపోతున్నదో పరిశీలించుకొనెదరు గాక. అక్కడ మార్చదగినది ఏదీ ఉండదు. ఇక్కడ చేయదగినది ఒకటి తప్పక ఉంటుంది.

సర్వం శ్రీపరమేశ్వరార్పణమస్తు.