హిస్టరీలో లేని డైరెక్టరమ్మ

మా మదనపల్లె వాళ్లని కదిలిస్తే చాలు, జనగణమన కథ మొదలుపెడతారు. 1919లో ఠాగూర్ మా థియోసాఫికల్ కాలేజీకి వచ్చారని, ఆ పాటని ఇక్కడే ఇంగ్లీషులోకి మార్చారని. నిజమే. కానీ ఆ పాటకి స్వరాలు రాసిపెట్టిన మార్గరెట్ కజిన్స్ పేరు చెప్పేవాళ్లు తక్కువ. చెప్పినా "ప్రిన్సిపాల్ గారి భార్య" అంటారు.

సినిమాల్లోనూ ఇదే తంతు. పుంగనూరులోనో కుప్పంలోనో సినిమా పిచ్చి ఉన్న ఎవర్నైనా లేడీ డైరెక్టర్ పేరు చెప్పమనండి, టక్కున విజయనిర్మల అంటారు. కాస్త పెద్దవాళ్లైతే 1953లో 'చండీరాణి'ని మూడు భాషల్లో తీసిన భానుమతి అంటారు. మరి మూకీల కాలంలో? 1926లో 'బుల్బుల్-ఎ-పరిస్తాన్' తీసిన ఫాతిమా బేగం మన దేశంలో మొదటావిడ. ఆ సినిమా ప్రింటు ఒక్కటీ మిగల్లేదు.

వీళ్లందరికన్నా ముందు ప్యారిస్‌లో ఆలిస్ గీ ఉంది. గోమో కంపెనీ యజమానికి సెక్రటరీ. నేనూ ఒక చిన్న కథ తీస్తానని అడిగితే, ఆఫీసు పని ఆగకూడదన్న షరతు మీద ఒప్పుకున్నాడట. (మీ మేనేజర్ గుర్తొచ్చాడా?) క్యాబేజీల్లోంచి పసిపిల్లల్ని తీసే దేవకన్య కథ తీసింది, 1896లో. తర్వాత పదేళ్లు ఆ కంపెనీ సినిమాలన్నీ ఆవిడ చేతిమీదుగానే నడిచాయి. అమెరికా వెళ్లి 1910లో సోలాక్స్ అని సొంత కంపెనీ పెట్టి, 1912లో న్యూజెర్సీ ఫోర్ట్ లీలో స్టూడియో కట్టించింది. జార్జ్ వాషింగ్టన్ బ్రిడ్జి మీద రోజూ మన్‌హటన్ వెళ్లొచ్చే మనవాళ్లు ఎంతమందో! ఆ బ్రిడ్జి ఇవతలి ఊరే అది. నటులకి కనబడేలా "సహజంగా ఉండండి" అని బోర్డు పెట్టించింది. చేతులూపుతూ కళ్లు తిప్పుతూ నటించే రోజుల్లో అది చిన్న మాట కాదు.

1906లో 300 మంది ఎక్స్‌ట్రాలతో తీసిన క్రీస్తు చరిత్రని, తర్వాత చరిత్ర రాసినవాళ్లు ఆవిడ అసిస్టెంట్ ఖాతాలో వేశారు. 1922లో విడాకులు, ఫ్రాన్స్‌కి వాపసు. మళ్లీ సినిమా తీయలేదు. 1927లో తన సినిమాల కోసం అమెరికా వచ్చి వెతికితే ఒక్కటీ దొరకలేదు.

కోడ్ రాసేవాళ్లకి ఇది కొత్తేం కాదు. నేను పనిచేసిన ఒక చోట బిల్లింగ్ మాడ్యూల్ మొత్తం ఒకావిడ రాసింది. ఆవిడ మెటర్నిటీ లీవులో ఉండగా కోడ్‌ని కొత్త రిపాజిటరీకి మార్చారు, పాత హిస్టరీ లేకుండా. ఇక ఏ లైను చూసినా మార్చినవాడి పేరే. అప్రైజల్లో "ఇందులో మీరేం చేశారు?" అని ఆవిణ్ణే అడిగారు! పాత మెయిల్స్ తవ్వి చూపించుకోవాల్సి వచ్చింది.

ఆలిస్ కూడా ముసలితనంలో కూర్చుని ఏ సినిమా ఎప్పుడు తీసిందో జాబితాలు రాసుకుంది, ఆత్మకథ రాసింది. 1968లో న్యూజెర్సీలోనే పోయింది, 94 ఏళ్లకి. పుస్తకం అచ్చయింది 1976లో. సుమారు వెయ్యి సినిమాలు తీస్తే, ఆర్కైవుల్లోంచి ఒక్కొక్కటే బయటపడి ఇప్పటికి తేలినవి 150 దాకా.