యంత్రానికీ చోటు కావాలి

జ్ఞాపకశక్తి తగ్గిందని మనుషులు మందులు మింగడం మనకు తెలిసిందే. యంత్రానికి ఆ జబ్బు చేస్తే వైద్యం ఇంకా సులభం. నాలుగు డబ్బులు పెట్టి కొని తగిలించడమే! నవ్వకండి. 1993లో గూడూరులో నా ఉద్యోగాన్ని నిలబెట్టింది ఆ వైద్యమే.

స్టేషను దగ్గర ఒక ఇంజనీరుగారి ఆఫీసులో కంప్యూటరు మీద ప్లాన్లు గీసేవాణ్ణి. ఉన్నది ఆటోక్యాడ్ పదో విడత, 1988 నాటిది. చిన్న ఇంటి ప్లానుకు బాగానే ఉండేది. బియ్యం మిల్లు ప్లాను ఎక్కించామా, ఇక చూడండి అవస్థ! ఒక మూలను పెద్దది చేసి చూద్దామంటే బొమ్మంతా మళ్ళీ మొదటినుంచీ గీసుకునేది. బయట గూడ్సుబండి ఆసాంతం దాటిపోయేది. తెరమీద మిల్లు గోడలు మాత్రం పూర్తయ్యేవి కావు.

"ఇంతకంటే చేత్తో గీసే పాతాయనే నయం. నెలాఖరుకు దీన్ని అమ్మేసి ఆయన్నే పిలిపిస్తాను," అన్నారు ఇంజనీరుగారు. నా గుండెల్లో రాయి పడింది.

రోగం ఎక్కడుందంటే, డాస్ కింద నడిచే ప్రోగ్రాములకు మామూలుగా దక్కే చోటు 640 కిలోబైట్లు. డాసూ అందులోనే, ఆటోక్యాడూ అందులోనే, బొమ్మా అందులోనే. రెండు గదుల ఇంట్లో పెళ్ళివారు దిగినట్టు! పట్టని సామాను అటకెక్కించాలి. కావలసినప్పుడల్లా నిచ్చెన వేసి దించుకోవాలి. హార్డుడిస్కే ఆ అటక. మా యంత్రం పొద్దస్తమానం నిచ్చెన ఎక్కి దిగుతోందన్నమాట. 386 యంత్రాలకోసమే తీర్చిన ఆటోక్యాడ్‌కు ఈ 640 గోడ లేదుగాని, అది కొనే స్తోమతు మాకెక్కడిది?

మద్రాసు రిచీ వీధినుంచి అరచేతిలో ఇమిడే నాలుగు మెమరీ పలకలు తెప్పించాం. ఒక మెగాబైటు కాస్తా నాలుగైంది. పదో విడత పాతదే అయినా, గోడ అవతలి ఆ చోటును బొమ్మ ముక్కలు పెట్టుకోడానికి వాడుకోగలదు. లెక్కలు కట్టే వేగం ఏమీ పెరగలేదు. అటకెక్కే పని తప్పింది, అంతే. ఇంజనీరుగారు చేతిలో టీ సగం తాగేలోపల మిల్లు తెరమీద నిలిచింది. "అప్పుడే అయిందటోయ్?" అన్నారు. అమ్మకం మాట మళ్ళీ ఎత్తలేదు.

పని మందగిస్తే పనివాణ్ణి మార్చాలని తోస్తుంది మనకు. వాడికిచ్చిన చోటెంతో కొలిచి చూసేవారు అరుదు. ఈ మాటే మా ఆవిడతో అంటే, "ఆ కొలతేదో మన వంటింటితో మొదలుపెట్టండి," అంది.