'ఇతర' అనే గడిలో దాగిన జబ్బు

హదీసు ఉల్లేఖకుల జీవితాలను పరిశీలించే శాస్త్రాన్ని అస్మావుర్రిజాల్ అంటారు. మా మదరసాలో పై తరగతి విద్యార్థులకు దానిని బోధించేటప్పుడు ఒక చిక్కును ముందుగా చెబుతాను. ఒకే పేరు, ఒకే తండ్రి పేరు గల ఉల్లేఖకులు ఇద్దరు ముగ్గురు ఉంటారు. వారిలో ఒకరు విశ్వసనీయులైతే మరొకరు బలహీనులు. ఇద్దరినీ ఒకరిగా భావిస్తే తీర్పే తలకిందులవుతుంది. ఈ ఒక్క చిక్కు కోసమే ఖతీబ్ బగ్దాదీ (రహ్మలై) 'అల్ ముత్తఫిఖ్ వల్ ముఫ్తరిఖ్' అనే గ్రంథాన్ని రచించారు. ఇదే చిక్కు వైద్యుల కాగితాలలోనూ ఉన్నదని నిరుడు నాకు తెలిసివచ్చింది.

నూజివీడు పరిసరాలలో మామిడి తోటలను గుత్తకు తీసుకునే ఒక సోదరునికి, రసాల కోతలు జోరుగా సాగుతున్న రోజుల్లో, ఎడమ చేయి, కాలు పడిపోయాయి. వయసు 46. రక్తపోటు లేదు, చక్కెర లేదు, పొగ తాగే అలవాటూ లేదు. ఆయన తండ్రి కూడా 50 దాటకముందే మంచాన పడ్డారు. మేనత్తకు నడివయసులోనే మతిమరుపు వచ్చింది. ఇంట్లోవారు ఫాలిజ్ అన్నారు, ఇరుగుపొరుగు పక్షవాతం అన్నారు, మరికొందరు ఎవరిదో దిష్టి అన్నారు. ఆయన భార్య తావీజు కోసం నా దగ్గరకు వచ్చి, ఆసుపత్రి కాగితాలు కూడా ముందుంచారు. అందులో రోగం పేరు పక్కన 'ఐ 63.9' అని ఉంది.

ప్రపంచ ఆరోగ్య సంస్థ వెలువరించే వ్యాధుల పట్టిక పదవ కూర్పులోని సంఖ్య అది. 1893లో బెర్తియోన్ అనే ఫ్రెంచి గణాంకవేత్త మరణ కారణాలకు రూపొందించిన జాబితాయే పెరిగి ఇంతైంది. మన కలెక్టర్ కాయను ఇతర ప్రాంతాలలో తోతాపురి అంటారు, బెంగళూరా అంటారు. పేరు మారినా కాయ ఒకటే. జబ్బుల విషయంలో ఆ గందరగోళం రాకూడదనే ఈ సంఖ్యలు. 'ఐ' అక్షరం రక్తప్రసరణ వ్యాధులది. అందులో 60 నుండి 69 వరకు మెదడు రక్తనాళాలవి. 63.9 అంటే మెదడులో కొంత భాగానికి రక్తం అందక చచ్చుబడింది, కారణం పేర్కొనలేదు అని అర్థం. అది తప్పు కాదు. అయితే తండ్రిని, మేనత్తను ఆ సంఖ్య చూడలేదు.

చూసినవారు హైదరాబాదులోని నరాల వైద్యులు. ముప్పై ఏళ్ల వయసు నుండే ఆయనకు కళ్ల ముందు మెరుపులతో పార్శ్వపు నొప్పి వచ్చేదని అడిగి తెలుసుకున్నారు, ఎంఆర్ఐ చూశారు, జన్యు పరీక్ష చేయించారు. జబ్బు పేరు కాడాసిల్. 19వ క్రోమోజోముపై ఉండే నాచ్3 అనే జన్యువులోని లోపం వల్ల మెదడులోని సన్నని ధమనుల గోడలు పాడవుతాయి. ఆ జన్యువును 1996లో పారిస్ పరిశోధకులు గుర్తించారు. జబ్బును నయం చేసే మందు లేదు. రక్తపోటును అదుపులో ఉంచుకోవడం, పొగాకు జోలికి పోకపోవడం మాత్రం చేతిలో ఉన్నాయి.

ఇంత స్పష్టంగా తేలిన జబ్బుకు కొత్త కాగితంలో పడిన సంఖ్య 'ఐ 67.8'. అంటే 'ఇతర' మెదడు రక్తనాళ వ్యాధులు. మొయామొయా అనే జబ్బుకు అదే పట్టికలో 67.5 అని సొంత ఇల్లు ఉంది. ఆ కూర్పులో కాడాసిల్‌కు లేదు. అమెరికా వారు మాత్రం తమ కూర్పులో 2018 అక్టోబరు 1 నుండి దానికి 67.850 అని, వంశపారంపర్యంగా వచ్చే ఇతర మెదడు రక్తనాళ వ్యాధులకు 67.858 అని విడదీశారు. 'ఇతర' అనే గడిలో పడిన రోగిని లెక్కించేవారు ఉండరు. రేపు మరో ఊరిలో ఆయన కుమారుని చూసే వైద్యునికి ఆ గడి ఏమీ చెప్పదు. అందుకే సంఖ్యతో సరిపెట్టక, జబ్బు పేరును, జన్యువు పేరును పూర్తిగా రాయించుకోమని ఆ కుటుంబానికి చెప్పాను.

ఇంటిలో మరో గొడవ కూడా రేగింది. ఆ దంపతులు మామూ, ఫూఫీల పిల్లలు. దగ్గరి సంబంధం చేసుకోవడం వల్లే ఇదంతా వచ్చిందని బంధువులు నింద వేశారు. కాడాసిల్ విషయంలో ఆ నింద నిలవదు. తల్లిదండ్రులలో ఒక్కరి నుండి లోపం వచ్చినా చాలు. ప్రతి బిడ్డకూ సగం అవకాశం. అయితే కారాసిల్ అని మరొక జబ్బు ఉంది, మొదట జపానులో గుర్తించారు. అది హెచ్‌టీఆర్ఏ1 అనే వేరే జన్యువుది. తల్లి నుండి, తండ్రి నుండి రెండు లోపాలూ కలిస్తేనే వస్తుంది. అక్కడ దగ్గరి సంబంధాలకు నిజంగా పాత్ర ఉంటుంది. ఒక్క అక్షరం తేడా! ఒక పేరు బదులు మరొకటి రాస్తే, నిర్దోషి అయిన వివాహం మీద నేరం పడుతుంది, లేదా నిజంగా జాగ్రత్త పడవలసిన కుటుంబం నిశ్చింతగా ఉండిపోతుంది.

"హజ్రత్, అమ్మాయికి సంబంధం మాట్లాడుతున్నాం. ఈ కాగితం చించెయ్యమంటారా?" అని ఆ తల్లి అడిగారు. వద్దన్నాను. ఫాతిమా బిన్తె ఖైస్ (ర.అన్హా) తన పెళ్లి విషయమై సంప్రదించినప్పుడు దైవప్రవక్త (సఅసం) ఆ ఇద్దరు వరుల గురించీ ఉన్నది ఉన్నట్లు చెప్పారు. వీధిలో చాటడం వేరు, నికాహ్‌కు సిద్ధపడినవారికి తెలియజేయడం వేరు. పైగా అమ్మాయికి జబ్బు ఉందని ఎవరూ తేల్చలేదు. ఇప్పటికి ఆమె కాగితంపై రాయగలిగేది 'జెడ్ 82.3' మాత్రమే. అంటే కుటుంబంలో పక్షవాతం వచ్చినవారు ఉన్నారని. అది రోగం సంఖ్య కాదు. పెద్దవారైన సంతానం జన్యు సలహా తీసుకుని, పరీక్ష కావాలో వద్దో స్వయంగా నిర్ణయించుకుంటారు. హైదరాబాదు నిమ్స్‌లో అందుకు ప్రత్యేక విభాగమే ఉంది. ఆ నిర్ణయం తల్లిది కాదు, నాది అసలే కాదు.

వారం తరువాత అమ్మాయే తల్లితో కలిసి వచ్చింది. డిగ్రీ పూర్తి చేసిన పిల్ల. తావీజు అడగలేదు. పరీక్షలో లోపం ఉన్నట్లు తేలితే ఆ సంగతి తమ్మునికి చెప్పకుండా ఉండవచ్చునా అని అడిగింది. వాడికి పదమూడేళ్లు. వాడు పెద్దవాడయ్యేవరకు ఆగవచ్చునన్నాను. ఆ తరువాత మాత్రం వాడికి తెలుసుకునే హక్కు ఉందన్నాను. కోతలు ముగిశాక హైదరాబాదు వెళతామని తల్లి చెప్పారు.