బాగున్న చెవికి కూడా ఒక కోడ్ ఉంది

పోస్టు కొంచెం పెద్దదే. పరీక్షలు ఉన్నవాళ్లు తర్వాత చదువుకోండి. ఇంట్లో బడికి పోయే పిల్లలు ఉన్నవాళ్లు మాత్రం ఇప్పుడే చదవండి.

మాది తనకల్లు మండలం. అనంతపురంలో హాస్టల్లో ఉండి డిగ్రీ మూడో సంవత్సరం చదువుతున్నాం. ఒకే రూములో ముగ్గురం, ముగ్గురివీ పక్కపక్క తాండాలే. మా మూడు ఇళ్లలోనూ కాలేజీ గడప తొక్కింది మేమే మొదలు. డిగ్రీ అయ్యాక ఏం చేయాలో చెప్పేవాళ్లు ఇంట్లో ఎవరూ లేరు, సీనియర్లు ఏది చెబితే అదే దారి. ఈ ఏడాది సీనియర్లందరి నోటా ఒకటే మాట, మెడికల్ కోడింగ్. ఫీజు వింటే గుండె ఆగింది గానీ, మూడు రోజుల డెమో క్లాసులు ఉచితం అంటే ఆగస్టులో పోయి కూర్చున్నాం.

తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. అమెరికాలో డాక్టరు రాసిన కాగితాన్ని ఇక్కడ మనవాళ్లు చదివి కోడ్లుగా మారుస్తారు. పేషెంట్ ఎందుకు వచ్చాడు, జబ్బు ఏంది అనేదానికి ఒక కోడ్. దాన్ని ఐసీడీ-10-సీఎం అంటారు, అక్కడ 2015 అక్టోబర్ 1 నుంచి అదే నడుస్తోంది. డాక్టరు ఏం చేశాడు అనేదానికి ఇంకో కోడ్, సీపీటీ, అయిదు అంకెలు. ఈ రెండూ ఒకదానికొకటి పొసగకపోతే ఇన్సూరెన్స్ కంపెనీ డబ్బు ఇవ్వదు.

రెండో రోజు సారు బోర్డు మీద జెడ్ 01.10 అని రాసినాడు. చెవులు, వినికిడి పరీక్ష, ఏ తేడా కనబడలేదు అని దాని అర్థం. 'పేషెంట్ చెవి నొప్పి అని వచ్చాడు, ఈ కోడ్ వేస్తారా?' అని అడిగినాడు. మేం వేస్తాం అన్నాం. తప్పంట. నొప్పి అనో, వినబడటం లేదు అనో బాధ చెప్పుకుని వస్తే ఆ బాధకే కోడ్ వేయాలి. ఏ బాధా లేకుండా, మామూలుగా చూపించుకోవడానికి వచ్చి, చూసినాక 'బాగానే ఉంది' అంటేనే ఈ కోడ్.

మాలో ఒకడు ఆపుకోలేక అడిగేశాడు: 'బాగున్న చెవిని చూపించుకోవడానికి ఎవరు పోతారు సార్?' క్లాసంతా నవ్వింది. సారు నవ్వలేదు. పిల్లలకు అట్లానే చూస్తారు అన్నాడు. మొదటి పరీక్షలో ఫెయిలైన పిల్లోడికి మళ్లీ చేసే వినికిడి పరీక్షకు జెడ్ 01.110. మామూలు పరీక్షలో ఏదైనా తేడా బయటపడితే జెడ్ 01.118, దాని పక్కన ఆ తేడా ఏందో చెప్పే ఇంకో కోడ్. కర్ణభేరికి రంధ్రం ఉంటే హెచ్ 72, చెవిలో గులిమి గట్టిపడితే హెచ్ 61.2, ఇట్లా.

ఆ రాత్రి రూములో ఎవరం సరిగా మాట్లాడుకోలేదు. ముగ్గురికీ గుర్తొచ్చింది మా తమ్ముడే. ముగ్గురిలో ఒకరి తమ్ముడు, అంటే అందరికీ తమ్ముడే. ఎవరని చెప్పం, వాడూ రేపు ఈ గ్రూపులోకి వస్తాడు.

వాడు ఎనిమిదో తరగతి. చివరి బెంచీ. పేరు పెట్టి పిలిస్తే పలకడు, రెండోసారి గట్టిగా అరిస్తే ఉలిక్కిపడతాడు. బడిలో పరధ్యానం అన్నారు, ఇంట్లో మొండోడు అన్నారు. డిక్టేషన్లో సగం మాటలు వదిలేస్తాడు. 'ఇంట్లో మీ భాష కదా, వాడికి తెలుగు ఎక్కడం లేదు' అని ఒక టీచరు చెప్పింది. మేమూ నమ్మినాం. మాకూ చిన్నప్పుడు తెలుగు అట్లానే ఎక్కలేదు మరి. అయితే వాడికి మన భాషలో చెప్పినా సగమే అందుతోందని ఎవరికీ తట్టలేదు, మాకు కూడా. అన్నింటికంటే ఎక్కువ బాధ ఇదే.

చిన్నప్పటి నుంచి వాడి కుడి చెవి కారేది. యాడి వెల్లుల్లి వేసి కాచిన నూనె పోసేది. నాలుగు రోజులు ఆగేది, వానాకాలం వస్తే మళ్లీ మొదలు.

పరీక్ష చేసేవాళ్లే లేరా అంటే, ఉన్నారు. రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం అని 2013లో మొదలైంది. పుట్టినప్పటి నుంచి 18 ఏళ్ల దాకా పిల్లలందరినీ చూడాలి. టీమ్ ఏడాదికి ఒకసారి సర్కారు బడికి, రెండుసార్లు అంగన్‌వాడీకి రావాలి. వాళ్లు చూడాల్సిన జబ్బుల పట్టికలో చెవి చీము ఉంది, వినికిడి లోపమూ ఉంది. అంటే జెడ్ 01.10 లాంటి చూపు మన పిల్లలకూ రాసిపెట్టే ఉంది. కానీ రెండేళ్లూ టీమ్ వచ్చిన రోజు మా వాడు బడిలో లేడు. చెనిక్కాయ పోయింది, ఇంటిల్లిపాదీ బెంగళూరుకు బేల్దారి పనికి పోయింది. వీడు ఇసుక కుప్ప దగ్గర చెల్లెల్ని ఆడిస్తున్నాడు. మన తాండాల్లో ఇది ఎన్ని ఇళ్ల కథో మీకు చెప్పాలా?

దసరా సెలవుల్లో మేమే తీసుకుపోయినాం. మొదటి రోజు చెవి డాక్టరు రాలేదు. రెండోసారి పోతే డాక్టరమ్మ బాగా చూసింది, ఓపిగ్గా చెప్పింది. కుడి కర్ణభేరికి రంధ్రం ఉంది, ముందు చెవి ఆరాలి, వినికిడి పరీక్ష చేయించండి అనింది. అక్కడ ఆ మెషీన్ రిపేరు. బయట చేయించుకోమన్నారు. 600 రూపాయలు, బస్సు చార్జీలు, రెండు రోజుల కూలి. రిపోర్టులో కుడి చెవికి ఎర్ర సున్నాలు, ఎడమ చెవికి నీలం ఇంటూ గుర్తులు. గీత ఎంత కిందికి దిగితే వినికిడి అంత తక్కువని అర్థం. కుడి 48 డెసిబెల్స్, ఎడమ 25. డెమో క్లాసు పుణ్యమా అని మాకు అది చదవడం వచ్చింది. అమెరికాలో ఇదే పూర్తి పరీక్షకు 92557 అనే కోడ్ ఉంది. మాకిచ్చిన చీటీ మీద 'ఆడియో – 600' అని ఉంది.

పింఛన్ వస్తుందేమో అని పక్కింటాయన అడిగినాడు. రాదు. 2016 వికలాంగుల చట్టం ప్రకారం రెండు చెవులకూ 60 డెసిబెల్స్ లోపం ఉంటేనే వినికిడి లోపం కింద లెక్క. మా వాడు అంతదాకా పోలేదు, అదే మేలు. ఆపరేషన్ చేస్తే వినికిడి చాలావరకు తిరిగి రావచ్చని డాక్టరమ్మ చెప్పింది. ఆ ఆపరేషన్ కార్డు మీదే అవుతుందన్నారు.

2007లో మొదలైన ఆరోగ్యశ్రీ, ఇప్పటి ఎన్టీఆర్ వైద్య సేవ, దాంట్లో కూడా ప్రతి చికిత్సకూ ఒక కోడ్, ఒక రేటు ఉన్నాయి. అది లేకపోతే మా వాడి ఆపరేషన్ మాట మేం ఎత్తేవాళ్లమే కాదు. కానీ ఆ లెక్కంతా జబ్బు ముదిరినాక మొదలయ్యే లెక్క. అమెరికా ఏదో గొప్ప అని కూడా అనుకోవద్దు. అక్కడ ముసలివాళ్లకు సర్కారు ఇచ్చే మెడికేర్, మామూలు వినికిడి పరీక్షకు గానీ వినికిడి యంత్రానికి గానీ డబ్బు కట్టదు. కోడ్ ఉన్నంత మాత్రాన పైసా వస్తుందని లేదు.

దీపావళికి ఇంటికి పోయినప్పుడు ఒక పని చేసినాం. పిల్లల్ని చెట్టు కింద కూర్చోబెట్టి, ఒక్కొక్కరి వెనక చేయి చాచినంత దూరంలో నిలబడి, ఒక చెవి మూయించి, రెండో చెవి వైపు గుసగుసగా మూడు మాటలు చెప్పినాం. తిరిగి చెప్పాలి. తర్వాత ఇంకో చెవి. మాటలు మన భాషలోనే చెప్పినాం. తెలుగులో చెబితే చెవి తప్పో, భాష తప్పో తేలదు. మొత్తం పదకొండు మంది. ఇద్దరు తడబడినారు. ఒకడిని డాక్టరుకు చూపిస్తే గులిమి గట్టిపడి ఉంది, తీసేసినాక 'అబ్బా, ఎంత గోల' అని చెవులు మూసుకున్నాడంట. ఇంకో పాపను ఇంకా తీసుకుపోవాలి. వాళ్ల నాయన బెంగళూరు నుంచి రావాల.

మిగతా తొమ్మిది మంది పేర్ల ఎదురుగా నోట్‌బుక్కులో జెడ్ 01.10 అని రాసుకున్నాం. డాక్టరు చూడలేదు కాబట్టి ఆ కోడ్ చెల్లదు, తెలుసు. అయినా రాసుకున్నాం.

తమ్ముడి చెవి ఇప్పుడు ఆరింది. సంక్రాంతి అయినాక ఆపరేషన్‌కు రమ్మన్నారు. అప్పటిదాకా స్నానం చేసేటప్పుడు చెవిలో దూది పెడుతున్నారు, యాడి నూనె గిన్నె దాచేసింది. హెడ్మాస్టరుకు రిపోర్టు చూపిస్తే ముందు బెంచీకి మార్చినారు, ఎడమ చెవి టీచరు వైపు ఉండేట్టు.

కోర్సులో చేరాలా వద్దా ఇంకా తేలలేదు. ఫీజు దగ్గరే ఆగింది. సంక్రాంతికి మాత్రం ఇంకో మూడు తాండాలు తిరగాలనుకుంటున్నాం. కొక్కంటి క్రాస్ వైపు, నల్లచెరువు వైపు వాళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి, కలిసి పోదాం. నోట్‌బుక్కు మేం తెస్తాం. బెంగళూరులో పనికి పోయి ఉన్న పిల్లల పేర్లు కూడా రాసి పెట్టండి, వాళ్లు పండక్కి వస్తారు.