అడగాల్సిన ప్రశ్న

నాచారంలో ఆడపడుచు గృహప్రవేశానికి నెలసరి అడ్డు రాకూడదని మాత్రలు మింగాను. పదోరోజు ఉప్పల్‌లో మా ఇంటి మెట్లెక్కుతుంటే ఊపిరి అందలేదు. మొదటి డాక్టరు "టెన్షన్ తగ్గించుకోండమ్మా" అన్నాడు.

రెండోచోట డాక్టరమ్మ నా కాళ్లు చూసింది. వెల్స్ లెక్కలో పిక్క వాపు, నొక్కితే నొప్పి కలిసి ఉన్నందుకు 3, నాడి 100 దాటినందుకు 1.5. మొత్తం 4 దాటితే సీటీ స్కాన్ తీయాలి. ఊపిరితిత్తుల్లో రక్తపు గడ్డ కనిపించింది.

హార్మోన్ మాత్రలు రక్తం గడ్డకట్టే ముప్పు పెంచుతాయి. కానీ ఆ లెక్కలో వాటి ప్రశ్నే లేదు. ఆమె విడిగా అడిగింది. పక్కన మామగారున్నారని నేను తల దించుకున్నాను. ఆయన్ని బయటికి పంపి మళ్లీ అడిగింది.

మైలకు భయపడి మింగినదాన్ని సిగ్గుతో దాచబోయాను. ఇప్పుడు ఏ డాక్టరుకైనా ఆ మాట నేనే ముందు చెబుతున్నాను.