పానగల్లు నుంచి డిండి దాకా

నల్లగొండ పట్నం దాటామో లేదో పానగల్లు చెరువు కట్ట ఎదురొస్తుంది. దసరా వెళ్ళిన వారం కావడంతో ఉదయసముద్రం నిండుగా ఉంది. కట్ట మీద పొద్దుటి నడకలవాళ్ళు, సెల్ఫీలు దిగే కుర్రాళ్ళు. బావ వాళ్ళెవరినీ పట్టించుకోలేదు. తిన్నగా లోపలి వాలు అంచుకు వెళ్ళి, పేర్చిన రాళ్ళను చెప్పు కొసతో తట్టి, "గీ పేర్పు మొన్నటిది బామ్మర్దీ. పాతదంత కిందుంటది" అన్నాడు. నీటిపారుదల శాఖలో వర్క్ ఇన్‌స్పెక్టర్‌గా చేసి రిటైరైన మనిషి. ఏ ఊరికి పోయినా ముందు తూము ఎక్కడ, మత్తడి ఎక్కడ అని వెతుక్కుంటాడు. గుడి, హోటలు ఆ తర్వాతే.

ఈ ప్రయాణానికి కారకుడు ఆయన కొడుకే. వాడు పెరూ వెళ్ళి, కుస్కో పైనున్న సాక్సాయ్‌వామన్ గోడల ఫోటోలు పంపి, "మామా, మన దిక్కు ఇట్లాంటివి ఉన్నయా?" అని అడిగాడు. నిజానికి ఆ గోడలు చూస్తే ఎవరికైనా నోట మాట రాదు. వంద టన్నులు దాటిన రాళ్ళు కూడా ఉన్నాయి వాటిలో. మధ్యలో సున్నం లేదు. ఇంకాలకు ఇనుము తెలియదు, చక్రాల బండి లేదు. తమ దగ్గరి గట్టి గుండ్రాళ్ళతో కొట్టి కొట్టి ఒక్కో రాయినీ పక్క రాయికి సరిపోయేలా మలిచారు. 16వ శతాబ్దపు స్పానిష్ చరిత్రకారుడు సియెసా దె లియోన్ ఆ కోట పనికి 20 వేల మందిని రప్పించారని రాశాడు. 4 వేల మంది రాయి కొట్టేవాళ్ళు, 6 వేల మంది మోకులు కట్టి లాగేవాళ్ళు, మిగతావాళ్ళు పునాదులు తవ్వేవాళ్ళు. ఆ రాజ్యంలో ఇంటింటి నుంచీ వంతుల వారీగా పనికి వెళ్ళడమే శిస్తు. దాన్ని 'మిత' అనేవారు. వంతుకు వచ్చినవాడికి తిండీ తాగుడూ రాజ్యానివే.

బావ ఆ ఫోటోలన్నీ జరిపి జరిపి చూసి, "నీళ్ళు ఏడికెళ్ళి వస్తయి వీళ్ళకు?" అన్నాడు. నల్లగొండలో పుట్టినవాడు ముందు అడిగేది అదే.

పానగల్లును ఏలినవాళ్ళు కందూరు చోళులు. కందూరు పాలమూరు వైపు ఊరు. అక్కడి పేరు పెట్టుకున్న వంశం ఇక్కడికొచ్చి చెరువు తవ్వించి గుళ్ళు కట్టించింది. ఉదయసముద్రానికి ఆ పేరు ఉదయచోళుడిదే, 12వ శతాబ్దపు మాట. ఈ గడ్డ మీద చెరువు కట్టడమంటే గొయ్యి తీయడం కాదు. నేల వాలు చూసి, రెండు గట్టి గుట్టల నడుమ లేదా రెండు మెరకల నడుమ కట్ట పోసి, పారే నీళ్ళను నిలబెట్టడం. నిండినదాని మత్తడి దూకిన నీళ్ళు కింది చెరువుకు, దాని మత్తడి ఇంకా కిందికి. గొలుసుకట్టు అనేది అందుకే. కట్ట ఎంత ఎత్తు పోయాలన్నది కాదు అసలు లెక్క, మత్తడి ఎంత ఎత్తున పెట్టాలన్నది. అది జానెడు తప్పితే వాన గట్టిగా పడ్డ రాత్రి కట్టే తెగుతుంది. "ఈ లెక్క రాసినోడు ఏ కాలేజీల సదివిండో" అని బావ ఒక నమస్కారం పెట్టాడు. వెక్కిరింపు కాదు, ఆయన ఆ విషయంలో మనస్ఫూర్తిగా మొక్కే రకం.

ఇప్పుడు ఈ చెరువులో ఉన్నది వాన నీరు మాత్రమే కాదు. నాగార్జునసాగర్ వెనక జలాల్లోంచి పుట్టంగండి దగ్గర పంపులతో ఎత్తిన కృష్ణ నీళ్ళు అక్కంపల్లి మీదుగా కాలువలో ఇక్కడిదాకా వస్తాయి. చోళుల చెరువు ఇప్పుడు ఒకటిన్నర టీఎంసీల బ్యాలెన్సింగ్ రిజర్వాయరు. 1955 డిసెంబరు 10న నెహ్రూ శంకుస్థాపన చేసి, 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ కాలువలకు నీళ్ళు వదిలిన సాగర్ కూడా రాతి కట్టడమే. 124 మీటర్ల ఎత్తు ఆనకట్టను రాయి మీద రాయి పెట్టి కట్టారు. ఆ రాళ్ళను సారువల మీదుగా నెత్తిన మోసినవాళ్ళలో పాలమూరు, నల్లగొండ పల్లెల ఆడా మగా ఉన్నారు. మా మేనల్లుడికి ఆ ఫోటో ఒకటి పంపాలి. నలుపు తెలుపుల్లో, తలల మీద రాళ్ళతో చీమల బారులా మనుషులు.

కట్ట దిగి పొలాల నడుమ ఛాయా సోమేశ్వరాలయానికి వెళ్ళాం. మూడు గర్భగుళ్ళు, నడుమ ఒకే మంటపం. శివలింగం వెనక గోడ మీద పగలంతా కదలని నీడ ఒకటి నిలుస్తుంది. పూజారి హారతి పళ్ళెం పక్కకు జరిపి, "ఇప్పుడు చూడండి" అన్నాడు. చూశాం. స్తంభం ఆకారంలో నిట్టనిలువుగా, అంచులు కాస్త మసకగా ఉంది నీడ. సూర్యుడు కదులుతుంటే నీడ ఎందుకు కదలదన్న ప్రశ్నకు సూర్యాపేట భౌతికశాస్త్ర అధ్యాపకుడొకరు జవాబు పట్టుకున్నారు. లోపలికి వచ్చేది నేరుగా ఎండ కాదు, బయట చెదిరి వచ్చే వెలుగు. అది పొద్దుతోపాటు దారి మార్చదు కాబట్టి మంటపం స్తంభాల నీడా మారదు. అంటే స్తంభాలకూ గోడకూ మధ్య దూరాన్ని ఎవరో కొలిచి మరీ పెట్టారు. విషయం తెలిసి చూస్తే వింత తగ్గుతుందనుకున్నాను. తగ్గలేదు.

ఊళ్ళోని పచ్చల సోమేశ్వరాలయాన్ని మాత్రం తొందరగా చుట్టేశాం. గోడల మీద భారత రామాయణ కథలు, పక్కనే పురావస్తు మ్యూజియం. దానికి ఒక పూట కావాలి, మాకు లేదు.

దేవరకొండ దారిలో రెండు పక్కలా బత్తాయి తోటలు, పత్తి చేలు. రోడ్డు వార లంబాడా ఆడవాళ్ళు సీతాఫలాలు గంపల్లో పెట్టుకుని కూర్చున్నారు. చూడ్డానికి పచ్చగా ఉన్న ఈ నేల కిందే ఈ జిల్లా గోస ఉంది. ఇక్కడి గ్రానైట్‌లో ఫ్లోరైడ్ ఉంటుంది. నీరు ఆ రాతి పగుళ్ళలో ఎంత కాలం నిలిస్తే అంత ఫ్లోరైడ్ కరుగుతుంది. చెరువులు పూడి, బోర్లు లోతుకు దిగిన కొద్దీ జనం తాగింది ఆ నీళ్ళే. మర్రిగూడ, మునుగోడు దిక్కు పల్లెల్లో పళ్ళు పచ్చబడటం దగ్గర మొదలై, ఎముకలు వంగి నడుములు నిలవని మనుషులు తయారయ్యారు. పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడర్ కలిపి ఫ్లోరైడ్‌ను తేర్చే పద్ధతి ఒకటి నాగపూర్‌లోని పర్యావరణ పరిశోధన సంస్థ 'నీరి' శాస్త్రవేత్తలు రూపొందించారు. దానికి ప్రపంచమంతా ఉన్న పేరు 'నల్లగొండ టెక్నిక్'. పేరైతే మాదే, నీళ్ళు మాత్రం చాలా ఏళ్ళు రాలేదు.

1996 లోక్‌సభ ఎన్నికల సంగతి బావ కారు నడుపుతూ చెప్పాడు. ఈ గోడు ఢిల్లీకి వినపడాలని జల సాధన సమితి వందల మందిచేత నామినేషన్లు వేయించింది. బరిలో 480 మంది మిగిలారు. బ్యాలెట్ కాగితం కాస్తా పుస్తకమైంది. ఎన్నికను వాయిదా వేయక తప్పలేదు. "ఓటేసుడు కాదు, పేజీలు తిప్పుడు" అని నవ్వాడు. నవ్వాడు గానీ ఆయన మేనత్త ఆ నీళ్ళకే మంచం పట్టింది. ఆ మాట ఆయన ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు.

దేవరకొండ ఏడు గుట్టలను చుట్టి కట్టిన ఖిల్లా. 14వ శతాబ్దంలో రేచర్ల పద్మనాయకులు కట్టారు, తర్వాత బహమనీల చేతికి, కుతుబ్‌షాహీల చేతికి పోయింది. ఊళ్ళోవాళ్ళు 360 బురుజులని లెక్క చెబుతారు. ఎక్కేటప్పుడు దర్వాజ తర్వాత దర్వాజ. రెండు నిలువు రాళ్ళు, మీద ఒక్కటే అడ్డరాయి, దాని మీద పూర్ణకుంభం. గోడలకు సున్నం లేదు. కుస్కోలో రాళ్ళ సందున కత్తిమొన దూరదంటారు. ఇక్కడ కొన్నిచోట్ల వేలు దూరుతుంది, కొన్నిచోట్ల గోరు కూడా దూరదు. పనితనం వాళ్ళదే మిన్న, ఒప్పుకోవాలి. అయితే వాళ్ళది భూకంపాల నేల. గోడను లోపలికి వంచి, రాయిని రాయితో పెనవేయకపోతే నిలవదు. ఇక్కడి నేలకు ఆ బాధ లేదు. ఈ గోడలకు శత్రువులు రెండే. సందుల్లో మొలిచే రావి మొక్కలు, రాత్రిపూట గునపాలతో వచ్చే గుప్తనిధులవాళ్ళు.

నడి ఎత్తులో ఒక పెద్ద గుండు దగ్గర బావ ఆగిపోయాడు. దాని వీపు మీద బెత్తెడేసి దూరంలో గుంతలు, బారుగా గీత గీసినట్టు. వేలు పెడితే రెండో కణుపు దాకా దిగింది. లోపలి గోడలు నున్నగా ఉన్నాయి, అడుగున వాన నీరు, ఇంత మట్టి. రాయి చీల్చడానికి ఉలితో తీసిన గుంతలు. వాటిలో ఇనుప చీలలు నిలబెట్టి, ఈ చివర నుంచి ఆ చివరకు ఒక్కో దెబ్బ సమ్మెటతో కొట్టుకుంటూ పోవాలి. ఒకేచోట గట్టిగా కొడితే పెచ్చు ఊడుతుంది తప్ప రాయి చీలదు. "కొట్టుడు కాదు ముఖ్యం, ఇనుడు" అన్నాడు బావ. ఉద్యోగంలో ఉన్నప్పుడు వడ్డెరవాళ్ళ దగ్గర నేర్చుకున్నాడట. చీలలు ఖంగుమన్నంత సేపూ రాయి గట్టిగా ఉన్నట్టు. ఆ మోత మొద్దుబారిందంటే లోపల పగులు పారినట్టు. అప్పుడు సమ్మెట పక్కన పెట్టి కాసేపు ఊరుకోవాలి, మిగతాది రాయే చూసుకుంటుంది. ఈ గుండును మాత్రం ఎవరో గుంతలు తీసి, చీలలు పెట్టకుండా వదిలేశారు. రాజ్యం మారిందో, కూలి అందలేదో.

పైన కోనేర్లు, దిగుడు బావులు. గుట్ట పరుపుబండే ఇక్కడ పరీవాహక ప్రాంతం. బండ మీద పడ్డ చినుకు ఇంకదు కాబట్టి జారిన దారిలో గోడ కట్టి నిలిపితే చాలు. ఆండీస్‌లో ఇంకాలు టిపోన్ దగ్గర ఊటనీటిని రాతి కాలువల్లో మెట్టు మెట్టుకూ దింపి పొలాలకు పెట్టారు. వాళ్ళకు మంచు కొండలున్నాయి, ఊటలున్నాయి. ఇక్కడున్నది నాలుగు నెలల వాన. కోట లోపల ఇప్పటికీ మళ్ళు సాగవుతున్నాయి. ఓ రైతు దర్వాజలోంచి ఎడ్లను తోలుకొస్తూ మమ్మల్ని చూసి, "టూరిజమోళ్ళా? రోడ్డు ఏస్తరా?" అని అడిగాడు. కాదంటే నిరాశపడ్డాడు.

ఊళ్ళోకి దిగి జొన్నరొట్టె, నాటుకోడి కూర తిని, డిండి చేరేసరికి ఎండ తగ్గింది. దుందుభి నది మీద నిజాం కాలపు ఆనకట్ట. నల్లగొండ, పాలమూరు ఇక్కడే ఒకదానికొకటి తగులుతాయి. అలుగు మీద పల్చగా నీళ్ళు జారుతున్నాయి. రోడ్డు పక్క చేపలు వేయించే బండ్ల దగ్గర జనమే జనం.

శ్రీశైలం ఎడమగట్టు కాలువ సొరంగం బయటికొచ్చే కొస ఈ దిక్కే. 44 కిలోమీటర్ల పొడుగు, నల్లమల కిందుగా. పంపు లేకుండా కృష్ణను నల్లగొండకు దించాలన్న ఆలోచన. పని మొదలై ఇరవై ఏళ్ళయింది. అటు కొసన దోమలపెంట దగ్గర 2025 ఫిబ్రవరి 22న కప్పు కూలి ఎనిమిది మంది లోపలే చిక్కుకున్నారు. జార్ఖండ్, ఉత్తరప్రదేశ్, పంజాబ్, కశ్మీర్ నుంచి వచ్చినవాళ్ళు. దేశంలో ఎక్కడ ఆనకట్ట కట్టినా గుంపు మేస్త్రీ వెంట పాలమూరు లేబర్ వెళ్ళేవారు. ఇప్పుడు పాలమూరు గడ్డలో రాయి తొలచడానికి జార్ఖండ్ నుంచి రావలసి వచ్చింది.

చేపలు వేయిస్తున్న ఆమెను బావ ఊరూ పేరూ అడిగాడు. అచ్చంపేట దిక్కు తండా. పెనిమిటి భీవండిలో బిల్డింగు పనికి పోయాడట, సంక్రాంతికి వస్తాడట.

"సొరంగం పని దగ్గర్లనే ఉండె గదమ్మా, గాడ చేసుకోవచ్చు గద?" అన్నాడు బావ.

"గాడ మావోళ్ళను పెట్టుకోలే అన్నా" అంది, చేప తిరగేస్తూ. "పెట్టుకున్నా నేను పోనియ్యకపోదును."