ఇరవై ఎనిమిదేళ్లకే ‘శుభం’ కార్డు!

హిచ్‌కాక్ అనగానే ఎవరికైనా ‘సైకో’ గుర్తొస్తుంది. నాకు మాత్రం ఓ పడుచుపిల్ల ముఖం గుర్తొస్తుంది. ఆమె పేరు నోవా పిల్‌బీమ్.

లండన్ శివారు వింబుల్డన్‌లో 1919లో పుట్టింది. పద్నాలుగేళ్లకే ‘లిటిల్ ఫ్రెండ్’లో ముఖ్యపాత్ర వేసింది. 1934లోనే హిచ్‌కాక్ తీసిన ‘ద మ్యాన్ హూ న్యూ టూ మచ్’లో దుండగులు ఎత్తుకుపోయే కూతురు ఆమే. 1936లో ‘ట్యూడర్ రోజ్’లో తొమ్మిది రోజుల రాణి జేన్ గ్రేగా కనిపించింది.

నాకు ఇష్టమైనది 1937 నాటి ‘యంగ్ అండ్ ఇన్నోసెంట్’. హత్యానేరం మీద పడ్డ కుర్రాడిని నమ్మి, తన డొక్కు కారులో వెంట తిరిగే పోలీసు అధికారి కూతురి పాత్ర. ఓ సన్నివేశంలో భోజనాల బల్ల దగ్గర తమ్ముళ్లు ఆ పారిపోయినవాడి గురించి హుషారుగా కబుర్లాడుతుంటారు. ఆమె పెద్దగా ఏమీ అనదు. జాలి, భయం రెండూ ఆ కళ్లలోనే చదువుకోవాలి. గొప్ప నటికి ఇంతకన్నా ఏం కావాలి?

‘రెబెకా’ నాయిక కోసం హాలీవుడ్ నిర్మాత సెల్జ్‌నిక్ ఆమె పేరూ పరిశీలించాడు. చివరికి ఆ పాత్ర జోన్ ఫాంటేన్‌కు దక్కింది. 1940లో విడుదలైన ఆ సినిమాతో ఫాంటేన్ పెద్ద తార అయింది.

నోవా 1939లో పెన్ టెన్నిసన్‌ను పెళ్లాడింది. కవి టెన్నిసన్‌కు మునిమనవడు, హిచ్‌కాక్ దగ్గర పనిచేసి దర్శకుడైనవాడు. మూడు సినిమాలు తీశాడు. రెండో ప్రపంచయుద్ధంలో నౌకాదళంలో చేరాడు. 1941లో విమాన ప్రమాదంలో పోయాడు. అప్పటికి అతనికి ఇరవై ఎనిమిదేళ్లు. ఆమెకు ఇరవై ఒకటి.

తర్వాతా కొన్ని సినిమాలు చేసింది. 1948తో తెరకు సెలవు చెప్పేసింది. తనకూ అప్పుడు ఇరవై ఎనిమిదేళ్లే! 1950లో బీబీసీ రేడియో పాత్రికేయుడిని పెళ్లి చేసుకుంది. ఓ కూతురు పుట్టింది. 2015లో, తొంభై అయిదేళ్ల వయసులో కన్నుమూసింది.

ఇలాంటివాళ్ల గురించి చెప్పుకునేటప్పుడు మన నోట ముందు ‘పాపం’ అన్న మాటే వస్తుంది. పెళ్లయ్యాక పాట మానేసిన పెద్దమ్మల గురించీ అదే అంటాం. వాళ్లు ఏం పోగొట్టుకున్నారో లెక్కపెడతాం. తర్వాత ఎలా బతికారని మాత్రం అడగం.

నోవా తెరమీద ఉన్నది పద్నాలుగేళ్లు. తెర వెనక బతికింది అరవై ఏడేళ్లు. ఏది అసలు కథో, ఏది ముందుమాటో తేల్చడానికి మనమెవరం?